గుప్పిట విప్పని డైరెక్టరు

గుప్పిటాయనకి ఉన్న జబ్బు ఒక్కటే: ముగింపు చెప్పడు. ఆయన తీసేవి సస్పెన్సు సినిమాలు కాబట్టి సినిమా ముగింపు చెప్పకపోతే న్యాయమే అనుకోవచ్చు. ఈయన దేని ముగింపూ చెప్పడు. కారెక్కి డ్రైవరుతో "పోనీ" అంటాడు. ఎక్కడికని అడిగితే, "పోనిస్తూ ఉండు, తెలుస్తుంది" అంటాడు. సందు మొదట్లో "ఎడమ", సిగ్నలు దగ్గర "కుడి", అంతే. ఓసారి అలా ఊరంతా తిప్పి పళ్ల డాక్టరు గుమ్మం ముందు ఆపించాడు. కొత్త సినిమాకి లొకేషను చూడ్డానికి వచ్చామనుకుని డ్రైవరు ఆ ఆస్పత్రి మెట్లూ, కిటికీలూ, వెనక గుమ్మమూ అన్నీ ఫొటోలు తీసి పెట్టాడు. లోపల డాక్టరు ఏ పన్ను నొప్పి అని అడిగితే, "మీరే కనిపెట్టండి" అన్నాడట. డాక్టరు కనిపెట్టాడు. కాకపోతే మూడో పన్నుకి.

ఇంట్లో ఆవిడ ఈ జబ్బుతో ముప్పై ఏళ్లుగా కాపురం చేస్తోంది. సొంత ఇల్లు ఏర్పాటైన సంగతి ఆవిడకి ఆ ఇంటి గుమ్మంలో నిలబడ్డాకే తెలిసింది. "ఎవరింటికండీ? చేతులూపుకుంటూ వచ్చేశాం, బాగుండదు" అని ఆవిడ మొహమాటపడుతుంటే, ఈయన జేబులోంచి తాళంచెవి తీశాడు. ఆ రోజు నుంచి ఆవిడా పంతం పట్టింది. భోజనాల బల్ల మీద గిన్నెలన్నిటికీ మూతలు పెట్టి, ఏం కూరో చెప్పడం మానేసింది. దేశమంతటి చేతా మూడేసి గంటలు ఊపిరి బిగబట్టించిన మనిషి, తను మాత్రం అర నిమిషం ఆగలేక వేళ్లు కాల్చుకుంటూ మూతలెత్తి చూసేవాడు.

ఆయన మొదట్లో సినిమా మనిషి కాదు. దుకాణాలకి బోర్డులు రాసేవాడు. అక్షరం గుండ్రంగా, ముద్దుగా ఉంటుందని స్టూడియో వాళ్లు పిలిచి, సినిమా మొదట్లో వచ్చే పేర్లు రాయించుకున్నారు. ఓ సినిమాకి అలా రాస్తూ, హంతకుడి వేషం వేసినాయన పేరు మిగతా వాటికన్నా చిన్నగా రాశాడు. ఆ నటుడు ఇంతెత్తున లేచాడు. "పెద్దగా రాస్తే జనం మిమ్మల్నే అనుమానిస్తారండీ" అన్నాడు ఈయన నింపాదిగా. అది విని అక్కడ నవ్వింది ఒక్కరే, అదే సినిమాలో తాత వేషం వేసిన నటుడు. ఈ అబ్బాయి చేతిలో ఉండాల్సింది బ్రష్షు కాదు, కెమెరా అని నిర్మాత వెంటపడి మొదటి సినిమా ఇప్పించింది కూడా ఆ తాతగారే.

ఆ తర్వాత పది సినిమాలు. 'పదమూడో మెట్టు' చూసినవాళ్లు తమ ఇళ్లలో మెట్లు లెక్కపెట్టుకుంటూ ఎక్కారు. 'తడి గొడుగు' ఆడినన్నాళ్లూ, ఎండలో గొడుగేసుకుని కనిపించిన మనిషిని చూసి జనం పక్కకి తప్పుకున్నారు. ఆ సినిమాకి మూడు రకాల ముగింపులు తీసి, ఏది ఉంచాడో ఎవరికీ చెప్పలేదు గుప్పిటాయన. అందులో హంతకుడైన నటుడికే తను హంతకుడని తెలియదు. పాపం, అత్తగారిని వెంటబెట్టుకుని మొదటి ఆటకి వెళ్లి, ఇంటర్వెల్లో ఆవిడకి ప్రేమగా టీ తెచ్చిచ్చాడు. గంట తర్వాత తెర మీద చూస్తే ముగ్గురిని చంపింది తనే, చంపింది టీతోనే. అత్తగారు ఆ పూట ఇంటికి వేరే బండిలో వెళ్లింది.

సెట్టు మీద ఆయన పద్ధతి ఇంకా విచిత్రం. నటులకి స్క్రిప్టు ఇవ్వడు. ఏ సీనుకి కావలసిన మాటలు ఆ పూటే, పెద్ద పెద్ద తెల్లటి అట్టల మీద, తనే స్వయంగా బ్రష్షుతో రాస్తాడు. కెమెరా పక్కన ఒకరు ఆ అట్టలు ఎత్తి పట్టుకుంటే ఎంతటి హీరో అయినా వాటిని చూసి చెప్పాల్సిందే. మాటలు అక్కడికక్కడే రికార్డవుతాయి కాబట్టి పక్కనుంచి అందించడానికి లేదు. షాటు అయిపోగానే అట్టలన్నీ సరిచూసుకుని పెట్టెలో పెట్టి తాళం వేసేస్తాడు. ఎందుకండీ ఈ అవస్థ అంటే పద్దెనిమిదేళ్లుగా ఒకటే జవాబు.

"కథ బయటికి పొక్కుతుంది."

ఆ అట్టలు ఎత్తి పట్టుకునే మనిషి పుస్తకమ్మ. ఒక షాటుకీ ఇంకో షాటుకీ తేడా రాకుండా చూడటం ఆవిడ అసలు పని. కప్పు ఏ చేతిలో ఉంది, గుండీలు ఎన్ని పెట్టుకున్నాడు, కిటికీ ఎంత తెరిచి ఉంది అన్నీ ఒక లావుపాటి పుస్తకంలో రాసుకుంటుంది. అందుకే ఆ పేరు. ఆవిడ కంట పడని వస్తువు, ఆవిడ పుస్తకానికెక్కని వివరం లేవు. అయితేనేం, ఆవిడకి ఒక కడుపుమంట ఉంది. పదహారేళ్లలో గుప్పిటాయనతో ఏడు సినిమాలకి పనిచేసి, ఏడింటి ముగింపూ టిక్కెట్టు కొనుక్కునే చూసింది. చివరి పేజీ ఎప్పుడూ ఆయన చొక్కా జేబులో మడతపెట్టి ఉంటుంది. ఆవిడ అటు చూస్తే చాలు, ఆయన చెయ్యి జేబు మీదకి పోతుంది.

ఈ అట్టల్ని ఎక్కువగా ఆటపట్టించేది తాతగారే. నలభయ్యో ఏటి నుంచి తాత వేషాలు వేస్తూ వేస్తూ, ఇప్పుడు డెబ్భై ఎనిమిదికి వచ్చి మేకప్పు అక్కర్లేని తాత అయ్యారు. గుప్పిటాయన పది సినిమాల్లోనూ ఆయన ఉన్నారు. "నాకైతే ఒక్కసారి చదివితే చాలు, రాయి మీద చెక్కినట్టే. పాపం ఈ కుర్ర హీరోల కోసం పడుతున్నాడు వాడు ఈ పాట్లన్నీ" అని కొత్తవాళ్లకి చెప్పేవారు. చెప్పి, కెమెరా ముందుకెళ్లి, అట్ట మీంచి కళ్లు తిప్పకుండా చక్కగా నటించి, చప్పట్లు కొట్టించుకుని వచ్చేవారు.

పదకొండో సినిమా 'ఆగిన లిఫ్టు' మొదలయ్యే వేళకి పాత నిర్మాత విశ్రాంతి తీసుకుని, పనంతా అల్లుడికి అప్పజెప్పాడు. ఈ అల్లుడుగారు చేతి గడియారం చూసుకోకుండా తుమ్మను కూడా తుమ్మడు. గుప్పిటాయన షూటింగులు ఎందుకు ఆలస్యమవుతాయో తెలుసుకోవాలని, పుస్తకమ్మని తన గదికి పిలిచి అడిగాడు. ఆవిడ పుస్తకం తెరిచి, ఉన్నది ఉన్నట్టు చదివి వినిపించింది. అట్టలు రాయడానికి, ఆరడానికి, సర్దడానికి రోజుకి గంటా పది నిమిషాలు. స్క్రిప్టు ముందే ఇచ్చేస్తే ఈ బాధ ఉండదని కూడా, అడక్కుండానే, రెండు ముక్కలు కలిపింది. పదహారేళ్ల కడుపుమంట చల్లారినట్టయింది. తిరిగి వస్తూ కారిడారులో చిన్నగా కూనిరాగం కూడా తీసింది.

మర్నాడే అల్లుడుగారు అందరినీ ఆఫీసు గదిలో కూర్చోబెట్టాడు. ఇక అట్టలు లేవు. సోమవారం అందరికీ స్క్రిప్టు, గురువారం రిహార్సలు. చేతిలో కాగితం ఉండకూడదు, మాటలు నోటికి రావాలి. రానివాళ్లని మార్చేద్దాం, ఇంకా టైముంది అన్నాడు. గుప్పిటాయన ఒప్పందం తీసి చూపించమంటే, అల్లుడుగారు వేలు పెట్టి చూపించాడు. షూటింగు పద్ధతి నిర్మాత ఇష్టమని చివరి పేజీలో ఉంది. చివరి పేజీలు దాచడమే తప్ప చదివే అలవాటు లేని మనిషి, చూడకుండా సంతకం పెట్టేశాడు.

"ఈ సినిమా చివరి పేజీ అయినా నా దగ్గర ఉండనిస్తారా?" అన్నాడు గుప్పిటాయన.

"అది ఉంచుకోండి సార్. మిగతా అంతా ఇచ్చేద్దాం."

ఆయన లేచి వెళ్లి బ్రష్షులు కడిగి, తుడిచి, ఆ అట్టల పెట్టెలోనే పెట్టేశాడు. ఆ తుడవడంలో తొందరేమీ లేదు. ఎందుకో పుస్తకమ్మకి ఆ సంగతి పుస్తకంలో రాయాలనిపించలేదు.

సోమవారం స్క్రిప్టులు పంచారు. మంగళవారం పుస్తకమ్మ పాత బీరువా తెరిచింది. సినిమావాళ్ల సంఘం గుప్పిటాయనకి సన్మానం చేస్తూ, ఆయన సినిమాల గురించి నాలుగు పేజీలు రాసిమ్మని ఆవిడని అడిగింది. మొదటి మూడు సినిమాలకి ఆవిడ లేదు. ఆవిడకి ముందు ఇదే పనిచేసినాయన పుస్తకాలు అట్టడుగు అరలో దుమ్ము పట్టి ఉన్నాయి. తీసి చూస్తే మొదటి పేజీలోనే కళ్లు తిరిగాయి. 'అందరికీ స్క్రిప్టు రెండు వారాల ముందే ఇవ్వడమైనది' అని ఉంది. రెండో సినిమాకీ అంతే. చివరి పేజీతో సహా ఇచ్చేవాడట, ఈ మహానుభావుడు.

మూడో సినిమా పుస్తకం మధ్యలో ఇలా ఉంది: 'వంటింటి సీను. తాతగారు మాట మరిచిపోయారు. ఇరవై మూడు టేకులు. డైరెక్టరు గారు లైటింగు బాగాలేదని చెప్పి షూటింగు ఆపేశారు. లైటింగు బాగానే ఉంది.' ఆ కింద, మర్నాటి తేదీ వేసి: 'ఈ రోజు నుంచి ఎవరికీ స్క్రిప్టు లేదు. అందరికీ అట్టలే. కథ బయటికి పొక్కుతోందట. ఎక్కడ పొక్కిందో నాకు తెలియదు.'

పుస్తకమ్మ కుర్చీ లాక్కుని కూర్చుంది. తర్వాత తన పుస్తకాలు తీసింది. అట్ట ఎంత దూరంలో పట్టుకోవాలో తెలియడానికి అక్షరం ఎత్తు కూడా రాసుకునేది కదా. మొదట్లో రెండంగుళాలు. 'తడి గొడుగు' నాటికి మూడు. పోయిన సినిమాకి నాలుగు. ఇన్నేళ్లూ తన చేత్తో తనే కొలిచి, తనే రాసి, ఒక్కనాడూ ఎందుకని అడుక్కోలేదు. ఒక ముసలాయన మరుపు ఎవరి కంటా పడకూడదని, హీరోల దగ్గర్నుంచి అందరి చేతా అట్టలు చదివించి, లోకం చేత పిచ్చివాడనిపించుకున్నాడు ఈయన. ఇప్పుడు కారణం చెప్పి అట్టలు కావాలనలేడు. చెప్పిన పూటే తాతగారికి మరుపని ఊరంతా తెలుస్తుంది, ఇంకెవరూ వేషం ఇవ్వరు. గురువారం రిహార్సలు జరిగితే చెప్పకుండానే తెలుస్తుంది. దీనంతటికీ కారణం తనే అని తలుచుకుంటే పుస్తకమ్మకి సిగ్గుతో చెవులు వేడెక్కాయి.

బయటికి వస్తే కారిడారులో తాతగారు అటూ ఇటూ తిరుగుతూ కనిపించారు. చేతిలో స్క్రిప్టు మడతపెట్టి ఉంది. "ఈ లిఫ్టులో మనం ఆరుగురం ఎక్కాం..." అని, ఆగి, మళ్లీ మొదలుపెట్టి, మళ్లీ అక్కడే ఆగిపోతున్నారు. ఆవిడని చూసి వెంటనే నవ్వారు.

"వచ్చేసిందమ్మాయ్. మొత్తం వచ్చేసింది. ఊరికే సరదాగా అంటున్నా."

ఆ నవ్వు చూశాక ఆవిడ ఇక ఆలోచించలేదు. బుధవారం పొద్దున్నే మేకప్పు గదికి వెళ్లింది. మేకప్పాయన నోట్లో నువ్వుగింజ నానదని స్టూడియోలో ఎవరిని అడిగినా చెబుతారు. ఆయన దువ్వెనలు కడుగుతుంటే, పక్కన కూర్చుని, తలుపు వంక రెండుసార్లు చూసి, గొంతు బాగా తగ్గించి చెప్పింది. ఎవరితోనూ అనకు, 'ఆగిన లిఫ్టు' ముగింపు నాకు తెలిసిపోయింది, లోపలున్నవాళ్లెవరూ చంపలేదు, చంపింది బయటి నుంచి వచ్చి తలుపు తెరిచిన లిఫ్టు మెకానిక్కు. అది ఆవిడ అప్పటికప్పుడు అల్లిన అబద్ధం. మేకప్పాయన తన పిల్లల మీద ఒట్టేసి, దువ్వెనలు అలాగే వదిలేసి బయటికి వెళ్లిపోయాడు.

మధ్యాహ్నం భోజనాల వేళకి క్యాంటీనులో అందరికీ తెలుసు. మూడు గంటలకి పళ్ల డాక్టరు ఫోను చేసి, మెకానిక్కు ఆలోచన బాగుందని గుప్పిటాయన ఆఫీసులో చెప్పాడు. నాలుగింటికి అల్లుడుగారికి సాక్షాత్తూ వాళ్ల అత్తగారే ఫోను చేసింది.

"ఏం బాబూ, మెకానిక్కేనట కదా చంపింది? మా కాలనీలో అందరూ అనుకుంటున్నారు. ఇంకెందుకు ఆ సినిమాకి వెళ్లడం అంటున్నారు."

అల్లుడుగారు ఆ రోజు మొదటిసారి గడియారం చూసుకోకుండా పరుగెత్తాడు. గుప్పిటాయన గదిలోకి ఊడిపడి, నిజమేనా సార్ అని అడిగాడు. పుస్తకమ్మ అక్కడే గోడవారగా నిలబడి, కాదని ఆయన అనేలోపు ఏం చెప్పాలా అని వెతుక్కుంటోంది. కానీ గుప్పిటాయన కాదనలేదు. మెల్లగా కుర్చీలో కూలబడి, రెండు చేతులతో తల పట్టుకున్నాడు. ఇన్నాళ్లూ ఇంత మంది నటుల్ని చూసింది గానీ ఇంత సహజంగా నటించేవాడు ఒక్కడూ లేడే అని ఆవిడ మనసులోనే దణ్ణం పెట్టుకుంది.

"మీరు చెబుతూనే ఉన్నారు సార్, నేను వినలేదు" అన్నాడు అల్లుడుగారు. "ఇచ్చిన స్క్రిప్టులన్నీ ఈ పూటే వెనక్కి తెప్పిస్తాను. రిహార్సలు లేదు, ఏమీ లేదు. ముగింపు మార్చేయండి. అట్టలే పెట్టుకోండి. ఎంత పెద్ద అక్షరాలైనా రాసుకోండి."

అల్లుడుగారు వెళ్లిపోయాక గుప్పిటాయన లేచి తలుపు దగ్గరగా వేసి వచ్చాడు.

"మేకప్పాయనకి నువ్వే చెప్పావట" అన్నాడు.

"ఎవరన్నారు సార్?"

"మేకప్పాయనే."

ఆవిడ తలొంచుకుంది. ఆయన చొక్కా జేబులో చెయ్యి పెట్టి, మడతపెట్టిన కాగితం తీసి బల్ల మీద ఆవిడ వైపుకి తోశాడు. పదహారేళ్లలో మొదటిసారి. పుస్తకమ్మ మడత విప్పింది. అందులో గుండ్రటి అక్షరాలతో రాసి ఉంది: లిఫ్టు తలుపు తెరుచుకుంటుంది. ఎదురుగా మెకానిక్కు. అతని చేతికి రక్తం.

"అయ్యో" అంది పుస్తకమ్మ.

"నా జేబులోంచి తీసి చూశావా?"

"లేదు సార్. ప్రమాణంగా. ఊరికే తోచిందే చెప్పాను."

"ఊరికే తోచిందా?" గుప్పిటాయన మొహం వేలాడిపోయింది. "ఊరికే తోచేంత తేలిగ్గా దొరికిపోతున్నానా నేను?"

ఆయన తల పట్టుకోవడం నటన కాదని ఆవిడకి అప్పుడు తెలిసింది. నవ్వు ఆపుకోవడానికి పెదవి కొరుక్కుంది. ఎందుకు చేశావని ఆయన అడిగాడు. పాత బీరువా సర్దానని, మూడో సినిమా పుస్తకం చూశానని, అట్టల సంగతి అల్లుడుగారికి చెప్పింది తనేనని, తప్పయిపోయిందని చెప్పబోయింది. సగంలోనే ఆయన చెయ్యి అడ్డం పెట్టాడు.

"ఏ పుస్తకం?"

పుస్తకమ్మ ఆయన మొహం చూసింది. అర్థమైంది.

"ఏ పుస్తకమూ లేదు సార్."

"అదీ." గుప్పిటాయన తన ఎదుటి కుర్చీ చూపించాడు. "కూర్చో. సాయంత్రంలోగా కొత్త ముగింపు కావాలి. ఊరికే తోచేవి నీకు ఇంకా ఏమైనా ఉన్నాయా?"

ఉన్నాయి. పదహారేళ్లుగా పోగుపడ్డవి చాలా ఉన్నాయి. ఇద్దరూ ఆ గదిలో రెండు గంటలు పోట్లాడుకున్నారు. ఆవిడ చెప్పినవన్నీ ఆయన పారేశాడు, ఆయన చెప్పినవన్నీ ఆవిడ ముందే కనిపెట్టేసింది. చివరికి ఇద్దరికీ నచ్చింది ఒకటి దొరికింది. అదేమిటో అడక్కండి. ఆవిడ ఈ రోజుకీ చెప్పదు.

శుక్రవారం షూటింగు. పొద్దున్నే గుప్పిటాయన బ్రష్షు పుస్తకమ్మ చేతికిచ్చి, ఇక నుంచి అట్టలు నువ్వే రాయి అన్నాడు. ఎన్ని అంగుళాలని ఆవిడ అడగలేదు, ఆయన చెప్పలేదు. ఆవిడ ఐదు అంగుళాలు రాసింది. లిఫ్టు సెట్టులో ఆరుగురు నటులు ఇరుక్కుని నిలబడ్డారు. అట్ట పైకెత్తగానే తాతగారు నిటారుగా నిలబడి, "ఈ లిఫ్టులో మనం ఆరుగురం ఎక్కాం. ఐదుగురమే దిగుతాం" అని మొదలుపెట్టి, రెండు పేజీల మాటలూ ఒక్క ఊపున చెప్పేశారు. ఒకే టేకు. కెమెరామనుతో సహా అందరూ చప్పట్లు కొట్టారు. గుప్పిటాయన మాత్రం అటు చూడకుండా, కళ్లద్దాలు తీసి చాలాసేపు తుడుచుకున్నాడు.

టీ విరామంలో తాతగారు పుస్తకమ్మని సైగ చేసి పక్కకి పిలిచారు. చుట్టూ ఎవరూ లేరని చూసుకుని, చెవి దగ్గరకి వంగారు.

"అమ్మాయ్, నీకో సంగతి చెబుతాను, నీ కడుపులో పెట్టుకో. వాడికి చూపు బాగా మందగించింది. నేను ఏళ్లుగా గమనిస్తున్నా. అక్షరాలు పెంచుకుంటూ పోతున్నాడు, ఇవాళ చూడు, గుమ్మడికాయలంత ఉన్నాయి. తెలిస్తే నిర్మాతలు ఊరుకోరు. అందుకే నేను ఒక్క మాట అనను. పైకి ఆ అట్టల మీద జోకులేస్తూ, అనుమానం రానివ్వకుండా నెట్టుకొస్తున్నా. ఎవరితోనూ అనకు."

"అనను తాతగారూ" అంది పుస్తకమ్మ. ఎలాగో నవ్వు మింగేసి, వెళ్లి తర్వాతి సీను అట్టలు ఆరబెట్టుకుంది.

సాయంత్రం ఇంటికెళ్తే భర్త రోజూ అడిగినట్టే, ఇవాళ స్టూడియోలో ఏం జరిగిందని అడిగాడు. ఆవిడ చెప్పులు విప్పి, కాళ్లు కడుక్కుని వచ్చి, తీరిగ్గా కూర్చుంది.

"సినిమా వచ్చాక చూద్దురుగాని" అంది.

వంటింట్లో గిన్నెల మీద ఆయన అప్పటికే మూతలు పెట్టి ఉంచాడు. ఏం వండారని ఆవిడ అడగలేదు.